మోడు చిగురిస్తే కవి, వేరు తవ్వితే మంత్రగాడు

వేములవాడ భీమకవి పేరెత్తితే చాలు, మన సాహితీమిత్రులు రెండు పక్షాలుగా చీలిపోతారు. ఆయన ద్రాక్షారామం దగ్గరి వేములవాడకు చెందినవాడా, మా కరీంనగరం ప్రాంతపు వేములవాడకు చెందినవాడా అన్నది తగవు. పండితులే తేల్చని విషయాన్ని నేను తేల్చబోవడం లేదు. మా ఊరు ఈ వేములవాడకు దగ్గరే అయినా, ఆయనను మావాడిగా చెప్పుకోవాలన్న ఉబలాటం కూడా నాకు లేదు. (పదవ శతాబ్దంలో వేములవాడ చాళుక్యుల కొలువులో ఉండి, చరిత్రలో గట్టిగా నిలబడిన పంపకవిని కన్నడిగులకు వదిలేసి, కాలమే నిర్ణయం కాని భీమకవి కోసం కొట్లాడుకోవడం మనకే చెల్లింది.)

నాకు కావలసింది ఆయన చుట్టూ అల్లుకున్న చాటుకథలు. తండ్రి లేనివాడని తోటిపిల్లలు గేలిచేస్తే గుడిలోకి పోయి భీమేశ్వరుణ్ణి రాతితో బెదిరించి వాక్సిద్ధి సంపాదించాడట. బంతిభోజనానికి రానివ్వని వాళ్ళ మీద కోపించి అప్పాలు కప్పలు కావాలని, అన్నం సున్నం కావాలని అంటే అలాగే అయ్యాయట. ఒక సభలో ఎండుస్తంభాన్ని పద్యం చెప్పి పచ్చని చెట్టుగా చిగురింపజేసి, మరో పద్యంతో మళ్ళీ స్తంభాన్ని చేశాడట. ఇవన్నీ మనం ఎంత మురిసిపోతూ చెప్పుకుంటామో నాకు తెలుసు, నేనూ చెప్పాను. ఉద్దండకవి అంటాం, శాపానుగ్రహసమర్థుడు అంటాం.

ఒక్కసారి ఆలోచించండి. నోటిమాటతో పదిమంది తినే అన్నాన్ని సున్నం చేసినవాడు, మోడును చిగురింపజేసి మళ్ళీ మోడు చేయగలవాడు, తండ్రి ఎవరో ఊరికి తెలియనివాడు. ఈ లక్షణాలున్న మనిషి రాజసభలో కాక మా ఊరి చివరి వాడలో పుట్టి ఉంటే ఆయన నోట్లో పళ్ళు మిగిలేవి కావు.

ఇది అలంకారం కాదు. మెదక్, కరీంనగర్ పల్లెల్లో పెరిగినవారికి వివరించనక్కరలేదు కాని, మిగతా మిత్రులకు చెప్పాలి. ఫలానావాడు చేతబడి చేస్తున్నాడని, బాణామతి పెడుతున్నాడని ఊరు నిశ్చయించుకుంటే అతణ్ణి చెట్టుకో స్తంభానికో కట్టివేసి పట్టకారుతో పళ్ళు పీకేవారు. మంత్రానికి ఉచ్చారణే ప్రాణం. పళ్ళు లేనివాడి నోట అక్షరం సరిగా పలకదు. అక్షరం చెడితే మంత్రం చెడుతుంది. ఇదీ దాని వెనకున్న తర్కం. స్వరం తప్పితే మంత్రం యజమానినే కాటేస్తుందని చెప్పే శిక్షాశాస్త్రానికి ఇది మారుమూల గ్రామంలో జరిగిన ప్రయోగం అన్నమాట. ఉచ్చారణ మీద మన జాతికి ఉన్నంత పట్టింపు మరెవరికీ ఉండదేమో!

ఈ టపా రాయడానికి కారణం భీమకవి కాదు. ఇటీవల మిత్రులొకరు పాత చందమామ ధారావాహికల మీద, ఆ తరువాత వచ్చిన క్షుద్రనవలల మీద ముచ్చటగా రాస్తూ, "కథను కథగా చదువుకోవాలి, నవల చదివి ఎవడూ హత్య చేయడు" అని తీర్పు చెప్పారు. చదివినవారంతా భేష్ అన్నారు. నేను అనలేకపోతున్నాను. ఎందుకో చెప్పాలంటే ముందు ఆ కథల్లోని మంత్రగాడెవరో చూడాలి.

మొక్కల నుంచి మహిమను పిండుకునే మాంత్రికుల కూటమి ఒకటి ఎక్కడో అడవుల్లో ఉందని మనం తరతరాలుగా చెప్పుకుంటున్నాం. ఆ కూటమికి నియమాలు కూడా మనమే రాసిపెట్టాం. ఆదివారంనాడు పుష్యమీ నక్షత్రం కలిసిన వేళ తెల్లజిల్లేడు వేరు తవ్వాలి. ముందటి సాయంత్రమే చెట్టుకు పసుపూ కుంకుమా పెట్టి రమ్మని పిలవాలి. తవ్వేటప్పుడు మాట్లాడకూడదు, ఇనుము తగలనివ్వకూడదు, నీడ పడనివ్వకూడదు. ఉత్తరేణి వేరు వశీకరణానికి, నల్ల ఉమ్మెత్త ఉచ్చాటనకు. జాతర్లలో నేలమీద పరిచి అమ్మే చవకపుస్తకాలలో ఇదంతా అచ్చులో ఉండేది. 1951 నాటి 'పాతాళభైరవి'లో చచ్చిపోయిన మాంత్రికుణ్ణి శిష్యుడు సదాజప లేపింది దేనితో? సంజీవనితో. ఎస్వీ రంగారావు లేచి కూర్చుంటే హాలంతా ఈలలు. చందమామలో దాసరి సుబ్రహ్మణ్యం గారు తన పేరు కూడా వేసుకోకుండా రాసిన 'ముగ్గురు మాంత్రికులు', 'భల్లూక మాంత్రికుడు' మనలో ఎందరిని చదువరులుగా మార్చాయో లెక్కలేదు. వాటి మీద నాకు ఫిర్యాదు లేదు, ఈ మాట స్పష్టంగా చెబుతున్నాను. ఆ మాంత్రికులు ఉండే రాజ్యాలు ఏ పటంలోనూ లేవు. వాళ్ళకు ఊరు లేదు, కులం లేదు, పక్కింటివాళ్ళు లేరు. ఏడో తరగతి పిల్లవాడికి కూడా అది కట్టుకథ అని తెలుస్తూనే ఉంటుంది.

తేడా వచ్చింది ఎనభైల ఆరంభంలో. యండమూరి వీరేంద్రనాథ్ 'తులసిదళం'లో మంత్రగాడు కథారాజ్యం విడిచి మన మధ్యకు వచ్చాడు. బాధితురాలు పట్నంలోని చిన్నపిల్ల. ఒకవైపు డాక్టర్లు, మరోవైపు మంత్రం. పిల్లను పీడిస్తున్నది రోగమా ప్రయోగమా అన్న సందేహం చివరిదాకా పాఠకుణ్ణి వదలదు. ఆ సందేహమే నవలకు ఊపిరి. శిల్పం దృష్ట్యా చూస్తే గొప్ప తెలివి, ఒప్పుకుంటాను, రాత్రంతా మేలుకొని చదివినవాణ్ణే. కాని ఆ సందేహం ఎవరి మెడ మీద వేలాడుతుంది? రచయిత మెడ మీద కాదు. రంగనాయకమ్మగారు ఆనాడే దీన్ని పట్టుకొని 'తులసిదళం కాదు, గంజాయి దమ్ము' అని పేరుపెట్టి దుయ్యబట్టారు. ఆ విమర్శలో గొంతు హెచ్చిందని అప్పట్లో నాకూ అనిపించింది. ఇప్పుడు అనిపించడం లేదు.

ఇక నా సంగతి.

1984లో నేను ఏడో తరగతి. వేములవాడలో అద్దెపుస్తకాల దుకాణం నుంచి మా పెద్దన్న ఆ నవల తెచ్చాడు. మా ఊరి చాయ్ హోటలు ముందరి అరుగు మీద కూర్చొని నేను దాన్ని పైకి చదివేవాణ్ణి. వినేవాళ్ళలో బీడీలు చుట్టే అవ్వలున్నారు, మరమగ్గాల పనికి సిరిసిల్ల పోయి వచ్చే కాకలున్నారు. చదువు వచ్చిన పిల్లవాడు చదువుతుంటే నలుగురు పెద్దలు నోరు తెరుచుకొని వినడం ఎంత మత్తో అనుభవించినవారికే తెలుస్తుంది. మాకు అంతవరకు 'మంత్రాలు' అన్న మాట తెలుసు, 'చేతబడి' తెలుసు. 'కాష్మోరా' అన్న మాట మా ఊరికి తెచ్చినవాణ్ణి నేనే.

మా ఊళ్ళో చెట్లమందు ఇచ్చే ముసలాయన ఒకాయన ఉండేవాడు. మందుల తాత అనేవాళ్ళం. కామెర్లకు, తేలుకాటుకు, చెవిపోటుకు, బాలింతలకు ఆయనే దిక్కు. పైసలు తీసుకునేవాడు కాదు, జొన్నలో బియ్యమో పెడితే కాదనేవాడు కాదు. ఒకనాడు తెల్లవారుజామున నేను మూలవాగు వైపు పోయినప్పుడు ఆయన ఒక ఉత్తరేణి మొక్క ముందు గొంతుకూర్చొని చేతులు జోడించి ఏదో గొణుగుతుండగా చూశాను. గొణిగి, ఆ తరువాత మొక్కను పెరికాడు. ఆ సాయంత్రం హోటలు దగ్గర నవల చదవడం ఆపి నేను ఈ సంగతి చెప్పాను. ఉన్నది ఉన్నట్టుగా చెప్పలేదు. ఆయన ఒంటిమీద బట్ట లేదని కలిపాను. పుస్తకంలో అలాగే ఉంటుంది గనక ఇక్కడా ఉంటే బాగుంటుందనిపించింది.

రెండు వారాలకు వానాకాలం జ్వరాలు మొదలైనాయి. ఒక ఇంట్లో నాలుగేళ్ళ పిల్లకు జ్వరం వచ్చి, ఫిట్సు వచ్చి, కళ్ళు తేలవేసింది. తాత పసరు పోశాడు. తగ్గలేదు. మరునాడు బండి కట్టుకొని దవాఖానకు తీసుకుపోయేలోగా ప్రాణం పోయింది. మెదడువాపు జ్వరమై ఉండాలని ఇవాళ నేను అనుకుంటున్నాను. ఆనాడు ఊరు అనుకున్నది వేరు. "పిల్లగాడు కండ్లార చూసిండట గదా" అన్న మాట నా చెవిన పడింది. ఆ పిల్లగాణ్ణి నేనే.

పళ్ళు పీకింది వేపచెట్టు కింద. నేను చూడలేదు. మా బాపు నన్ను ఇంట్లో పెట్టి గొళ్ళెం వేశాడు. వినబడింది.

ఆయన చావలేదు. తరువాత పన్నెండేళ్ళు బతికాడు. కేసు కాలేదు. పిల్ల చచ్చినందుకు ఆయన బాధ్యత ఏమీ లేదని నేను అనడం లేదు. పసరుతో ఒక పూట పాడైంది, ఆ పూట విలువైనది కావచ్చు. తెలియని రోగానికి తెలిసినట్టు మందు పోయడం తప్పు. కాని ఊరు ఆయనను శిక్షించింది ఆ తెలియనితనానికి కాదు. ఆయనకు ఎన్నడూ లేని ఒక శక్తికి శిక్షించింది. ఆ శక్తి ఎలా ఉంటుందో వివరంగా, అధ్యాయాలవారీగా ఊరికి చదివి వినిపించినవాణ్ణి నేను.

"నవల చదివి ఎవడూ హత్య చేయడు" అన్నవారికి నా జవాబు ఇదే. నవల చదివి ఎవడూ హంతకుడు కాడు, నిజమే. నవల చేసే పని వేరు. అది లేని ప్రాణిని ఒకదాన్ని తయారు చేసి, దానికి ముఖం ఇచ్చి, అలవాట్లు ఇచ్చి, వదిలిపెడుతుంది. ఊళ్ళో ఆ ముఖానికి దగ్గరగా ఉన్నవాడు ఎవడా అని తరువాత ఊరే వెతుక్కుంటుంది. వేళకాని వేళ చెట్లవెంట తిరిగేవాడు, ఒంటరిగా ఉండేవాడు, కులంలో కిందివాడు, లేదా మొగుడు చచ్చి పొలం మిగిలిన ముసలామె. ఆ చివరి మాట ఊరికే అనడం లేదు, ఆరోపణల వెనక భూమితగాదా ఎన్నిసార్లు బయటపడిందో మా వైపు పత్రికా విలేకరులను అడగండి.

మరి మొక్కల్లో మహిమ లేదా అంటే, ఉంది. మంత్రగాళ్ళ కథలన్నీ కలిపినా అంత విచిత్రం ఉండదు.

ఉమ్మెత్త తీసుకోండి. దాని గింజల్లో అట్రోపిన్, స్కోపొలమిన్ అనే క్షారాలున్నాయి. తిన్నవాడి కనుపాపలు పెద్దవవుతాయి, నోరు ఎండిపోతుంది, ఒళ్ళు కాలిపోతుంది, లేని మనుషులతో మాట్లాడతాడు, గాలిలో ఏవో ఏరుకుంటాడు. దయ్యం పట్టినవాడు ఎలా ఉంటాడని మన కథలు చెబుతాయో అచ్చం అలాగే ఉంటాడు. మా అడవుల్లో పెరిగే ముష్టి గింజలో స్ట్రిక్‌నిన్ ఉంటుంది, అది ఎక్కినవాడి వెన్ను విల్లులా వంగుతుంది, స్పృహ ఉండగానే. కర్ర తగిలినా, తలుపు చప్పుడైనా మళ్ళీ వంగుతుంది. ఇది చూసిన పల్లెమనిషి ఎవడో కనబడనివాడు మెలిపెడుతున్నాడని అనుకుంటే అతణ్ణి తప్పుపట్టలేం.

నల్లజీడి సంగతి ఇంకా వింత. చాకళ్ళు బట్టల మీద గుర్తులు పెట్టే ఆ గింజ రసం ఒంటికి తగిలితే చర్మం నల్లబడి బొబ్బలెక్కుతుంది. అది కూడా వెంటనే కాదు, ఎన్నో గంటలకు, ఒక్కోసారి మరునాటికి. కనుక ఎప్పుడు తగిలిందో, ఎక్కడ తగిలిందో మనిషికి గుర్తుండదు. రాత్రి బాగానే పడుకున్నవాడు పొద్దున లేచేసరికి ఒంటిమీద కాలిన మచ్చలుంటాయి. బాణామతి అనడానికి ఇంతకంటే సాక్ష్యం ఏం కావాలి? తమాషా ఏమిటంటే, ఆ జీడిగింజనే దిష్టి తగలకుండా పసిపిల్లల మొలకు కడతాం. భయమూ రక్షా ఒకే గింజలో పెట్టుకున్నాం, ఆ గింజను మాత్రం ఎన్నడూ పట్టి చూడలేదు.

పట్టి చూసినవారు లేకపోలేదు. పిచ్చికీ పాముకాటుకూ వాడే సర్పగంధి వేరును కలకత్తాలో 1931లోనే పరీక్షించారు. రక్తపుపోటు మీద అది ఎలా పనిచేస్తుందో బొంబాయి వైద్యుడు రుస్తుం జల్ వకీల్ 1949లో బ్రిటిష్ హృద్రోగ పత్రికలో ప్రచురించారు. 1952లో స్విట్జర్లాండులో దాని నుంచి రిసర్పిన్ వేరుచేశారు. ప్రపంచమంతా పిచ్చాసుపత్రుల్లో వాడారు. మహిమ వేరులో ఉన్నదని తేలింది, తవ్వినవాడి నాలుక మీద కాదు. ఈ ఒక్క వాక్యం మన పల్లెల్లో ఎవరైనా గట్టిగా చెప్పి ఉంటే చాలా నోళ్ళు మిగిలి ఉండేవి.

ఇంతవరకు వచ్చిన చదువరుల్లో కొందరు సంతోషిస్తూ ఉంటారని నాకు తెలుసు. "చూశారా, మన పూర్వుల మూలికావైద్యం ఎంత గొప్పదో!" అని. దయచేసి ఆగండి. మీతోనూ నాకు తగవు ఉంది.

కామెర్లకు మందుల తాత పసరు పనిచేసేది. ఎందుకు పనిచేసేదంటే, మా ఊరి నీళ్ళతో వచ్చే కామెర్లు ఎక్కువభాగం హెపటైటిస్ ఏ, ఈ రకాలు. అవి చాలామందికి వాటంతటవే కొన్ని వారాలలో తగ్గుతాయి. పసరు పోసినా తగ్గుతాయి, పోయకున్నా తగ్గుతాయి, పథ్యమూ విశ్రాంతీ వల్ల మేలు జరిగి ఉండవచ్చు. తగ్గని ఆ కొద్దిమంది చచ్చిపోయేవారు, వారి రాత అనుకునేవాళ్ళం. పాముకాటుకూ అంతే. కరిచినవాటిలో చాలా పాములకు విషమే ఉండదు, విషమున్న పాము కూడా ప్రతిసారీ విషం దింపదు. అలా బతికినవారంతా వేరుమందు మహిమకు సాక్షులు, నిజంగా విషమెక్కినవారు సాక్ష్యం చెప్పడానికి ఉండరు. 2000 నుంచి 2019 వరకు ఈ దేశంలో పాముకాటుతో సుమారు 12 లక్షలమంది పోయారని పరిశోధకులు లెక్కకట్టారు. వారిలో ఎందరు వేరు నూరించుకుంటూ, సూది అందే వేళను పోగొట్టుకున్నారో ఊహించుకోండి. పిచ్చికుక్క కాటుకు పసరు కట్టేవారి గురించి అసలు మాట్లాడను, కోపం వస్తుంది. అక్కడ టీకా తప్ప మరేదీ లేదు.

ఈ గొప్పలు చెప్పేవారి దగ్గర నేను గమనించిన మరో విషయం ఉంది. అమెరికాలో 1995లో పసుపు మీద పేటెంటు ఇస్తే దేశమంతా మండిపడ్డాం, 1997లో రద్దయితే పండుగ చేసుకున్నాం. వేపనూనె మీద ఐరోపా ఇచ్చిన పేటెంటు 2000లో రద్దయి, 2005లో ఆ తీర్పు ఖాయమైతే గర్వపడ్డాం. సరే, గర్వపడవలసిందే. మా కోరుట్ల, మెట్‌పల్లి రైతులు పండించే పసుపు మీద మిసిసిపీ వారికి హక్కేమిటి? కాని ఆ 'సంప్రదాయ విజ్ఞానం' ఎవరిది అని అడిగితే మనం చూపించేవి సంస్కృత గ్రంథాలు. తెల్లజిల్లేడు 'శ్వేతార్కం' అయితే కాజీపేటలో దానికి గుడి ఉంటుంది, వేరులో వినాయకుడు ఉంటాడు, మనం వెళ్ళి దండం పెడతాం. అదే వేరు మాదిగవాడలోనో గూడెంలోనో ఒక ముసలివాడి సంచిలో కనిపిస్తే అది ప్రయోగం. చెట్టు ఒక్కటే, వేరు ఒక్కటే, పట్టుకున్న చెయ్యి ఎవరిదన్నదాన్ని బట్టి అది విద్యో క్షుద్రవిద్యో అవుతుంది. 'క్షుద్ర' అనే మాటకు నిఘంటువు చూడండి, చిన్న, నీచ అని ఉంటుంది. చేసే పని నీచమని ఆ పేరు పెట్టారా, చేసేవాడు నీచుడని పెట్టారా?

ఆదిలాబాద్ అడవుల్లో ఇది ఇంకా స్పష్టంగా కనిపిస్తుంది. కుమ్రం భీం పోరాటం తరువాత నిజాం ప్రభుత్వం పంపగా అక్కడ పనిచేసిన హైమన్‌డార్ఫ్, గోండుల మీద రాసిన పుస్తకం 1948లో వచ్చింది. కోలాములకూ గోండులకూ ఉన్న సంబంధం ఆయన గమనించాడు. ఆ నేల దేవతలను, అడవి దేవతలను శాంతింపజేయడం కోలాములకే చేతనవునని గోండులు నమ్ముతారు, వారిని పూజారులుగా పెట్టుకుంటారు. కోలాములకు ఆస్తి లేదు, అధికారం లేదు, అయినా గౌరవం ఉంది. బయటినుంచి చూసిన మైదానపు మనిషికి అదే కోలాము 'అడవి మంత్రగాడు'. మన నవలల్లో, సినిమాల్లో మంత్రగాళ్ళ ఊరు ఎప్పుడూ అడవిలోనే ఎందుకుంటుందో, వాళ్ళ పేర్లు ఎప్పుడూ మన పేర్లలా ఎందుకుండవో నాకు ఇక్కడ అర్థమైంది. అడవి మీద మనకున్న భయానికి, అడవిని తీసుకున్నామన్న సంకోచానికి మనం ఇచ్చుకున్న ముఖం ఆ మంత్రగాడు.

ఇదంతా పాతకథ, చదువులేని రోజుల మాట అనేవారికి ఒక్క సంఘటన. 2022 జనవరిలో, జగిత్యాల పట్టణంలో, కులసంఘం సమావేశం జరుగుతున్న చోట, మంత్రాలు చేస్తున్నారన్న అనుమానంతో ఒక తండ్రిని, ఆయన ఇద్దరు కొడుకులను పొడిచి నరికి చంపారు. పట్టపగలు. వేములవాడ నుంచి బస్సెక్కితే రెండు గంటలు కూడా పట్టదు. అక్కడ బడులున్నాయి, ఆసుపత్రులున్నాయి, ప్రతి జేబులో ఫోను ఉంది. బీహారు 1999లో, జార్ఖండ్ 2001లో, ఛత్తీస్‌గఢ్ 2005లో, ఒడిషా 2013లో ఇటువంటి దాడుల మీద ప్రత్యేక చట్టాలు చేసుకున్నాయి. మహారాష్ట్రకు చట్టం రావడానికి 2013 ఆగస్టులో పుణె వీధిలో నరేంద్ర దభోల్కర్ తూటాలకు బలికావలసి వచ్చింది. కర్ణాటక 2017లో చేసింది. మన రెండు తెలుగు రాష్ట్రాల్లో జన విజ్ఞాన వేదిక వంటి సంఘాలవారు ఊళ్ళు తిరిగి నిప్పులమీద నడిచి చూపించారు, కొబ్బరికాయలో రక్తం తెప్పించి చూపించారు, ఆ పని చేసినవారికి దండం. చట్టం మాత్రం రాలేదు. 1954 నాటి మాయామందుల చట్టం ఒకటి ఉంది, అది ప్రకటనలను శిక్షిస్తుంది.

నవలలు నిషేధించమని నేను అడగడం లేదు. తగలబెట్టమని అసలే అనడం లేదు, పుస్తకం తగలబెట్టే చేతికీ పట్టకారు పట్టే చేతికీ దూరం తక్కువ. రాసేవారిని అడుగుతున్నాను. మీ కథలో మంత్రగాడు కావాలా, పెట్టుకోండి. అతనికి ఇల్లు పెట్టండి, ఇంటిపేరు పెట్టండి, పొద్దున ఏం తింటాడో రాయండి, అతని మందు పనిచేయని రోజు కూడా రాయండి. అతణ్ణి చెట్టుకు కట్టే నలుగురికీ పేర్లు పెట్టండి. తెలుగులో ఇన్ని క్షుద్రనవలలు వచ్చాయి కదా, పళ్ళు పోయినవాడి వైపు నుంచి చెప్పిన నవల ఏదైనా మీరు చదివి ఉంటే కింద చెప్పండి, నాకు తారసపడలేదు. ఇక పాఠకులుగా మనం భీమకవి స్తంభం కథ చెప్పుకున్నప్పుడు ఆ పక్కనే మరో స్తంభానికి ఎవరిని కట్టారో కూడా చెప్పుకోవాలి. ముచ్చట కాస్త పాడవుతుంది, పాడవనివ్వండి.

డిగ్రీ చదివే రోజుల్లో ఒక సెలవులకు ఊరికి పోయినప్పుడు తాత ఇంటికి వెళ్ళాను. క్షమించమని అడగడానికని బయలుదేరి, అడగలేక, మందుల సంగతులు రాసుకుంటానని చెప్పాను. ఆయనకు అప్పటికి నేను చేసింది తెలుసో లేదో నాకు ఇప్పటికీ తెలియదు. ఆ తెల్లవారుజామున ఉత్తరేణి ముందు ఏం గొణిగావని మాత్రం అడిగాను. నవ్వాడు, చిగుళ్ళు కనబడేలా. "అడుగకుంట పెరికితె మందు అక్కెరకు రాదు బిడ్డా. నీ పానం తీస్తున్న, మందికోసం తీస్తున్న, కోపం జెయ్యకు తల్లీ అంటం. గంతే. మా నాయిన నేర్పిండు."

ఆ రోజు ఒక నోటుపుస్తకం నిండా పేర్లు చెప్పాడు. ఏ చెట్టు, ఏ ఆకు, ఏ నెలలో తెంపాలి, దేనికి ఇవ్వాలి. కొన్ని పనికివచ్చేవై ఉంటాయి, కొన్ని ఉత్తవై ఉంటాయి, పరీక్షించకుండా ఎవరు చెప్పగలరు? తరువాత వృక్షశాస్త్రం చదివిన మిత్రుడొకాయనతో కూర్చొని ఆ జాబితా సరిచూశాను. నలభైమూడు పేర్లలో ముప్పైఒకటి పోల్చుకోగలిగాం. మిగిలిన పన్నెండు ఏ చెట్లవో తెలియలేదు. ఊళ్ళో మరెవరికీ తెలియవు, ఆయన 1996లో పోయాడు. పళ్ళు లేని నోటితో ఆయన పలికిన పేరు ఏదో, నేను విని రాసుకున్నది ఏదో.